మెహర్ చెలక

ఆ ఏడు పీర్ల పండుగ రోహిణి కార్తెలో వచ్చింది. మా ఇంట్లో గొడవంతా అక్కడే మొదలైంది.

మా పండుగలు చంద్రుణ్ణి చూసుకుని వస్తాయి. అందుకే ఏటా కొన్ని రోజులు ముందే వచ్చేస్తుంటాయి. చలికాలంలో చేసుకున్న పండుగ కొన్నేళ్ళకు వానాకాలంలోకి, ఇంకొన్నేళ్ళకు ఎండాకాలంలోకి వచ్చి కూర్చుంటుంది. పంటల దగ్గరికి వచ్చేసరికి మాత్రం మేమూ ఊరందరిలాగే కార్తెలు చూసుకునేవాళ్ళమే. రోహిణి, తర్వాత మిరుగం అనే మృగశిర, ఆ తర్వాత ఆరుద్ర అని మా ఇళ్ళల్లో పిల్లలకు కూడా నోటికి వచ్చు. ఈ రెండు లెక్కల్నీ ఒకదానికొకటి ముడివేయాలని చూసినవాడు మా ఊళ్ళో ఒక్కడే. ఆయన మా మామ అహ్మద్ అలీ. నేను ఆయన్ని అబ్బా అని పిలిచేదాన్ని.

అబ్బా మంచి రైతే, కాదనను. మొండితనం మాత్రం ఎద్దులే ఆయన దగ్గర నేర్చుకోవాలి. ఆ మొండితనానికి కారణం కూడా ఉంది. మా అత్త ఇక్బాల్ బీ ఈ ఇంటికి కొత్త కోడలిగా వచ్చిన ఏడు పీర్ల పండుగ సరిగ్గా మిరుగంలో పడిందట. పీర్లను వాగుకు సాగనంపిన తెల్లారి ఆయన నాగలి కట్టాడు. వెనకాలే సాలులో పల్లిగింజలు వేసుకుంటూ మా అత్త నడిచింది. ఆ ఏడు వాన మీదే బతికే మా మెట్ట చెలక విరగకాసిందట. తర్వాత పండుగ జరుగుతూ జరుగుతూ వేరే కాలాల్లోకి వెళ్ళిపోయింది. అది చుట్టు తిరిగి మళ్ళీ మిరుగానికి వచ్చేదాకా, ముప్పై ఏళ్ళ పైన, ఆయన ఎదురుచూశాడు. ఈలోపు మా అత్త పోయింది. ఈ గొడవకు ముందటేడు పండుగ మిరుగానికి రానే వచ్చింది. పట్టుబట్టి తెల్లారే పల్లి వేశాడు. వానలు కలిసొచ్చాయి, పంట పండింది. ఇంక ఆ మనిషిని ఆపేదెవరు!

ఎండలు మండిపోతున్న ఒక పొద్దున వాకిట్లో చాప పరుచుకుని విత్తనపు పల్లికాయ వలుస్తున్నాం. నేను, మా ఆయన వహీద్, ఈదమ్మ. ఈదమ్మ వాళ్ళది మా పక్క చెలక. వాళ్ళ పెద్దవాళ్ళకు ఊళ్ళో జానెడు జాగా లేదు, కూలికి పోయి బతికారు. సర్కారు పట్టా చేతికొచ్చాక ఆ రాళ్ళనేలను మొగుడూ పెళ్ళాలు చేతులతో ఏరి చెలక చేసుకున్నారు. విత్తనాలప్పుడు, కలుపులప్పుడు ఆమె మాకు, నేను వాళ్ళకు బదులు పోతుంటాం.

"పీర్లను సాగనంపిన తెల్లారే ఇత్తనం. మూడెకరాలు పల్లే," అన్నాడు అబ్బా, అరుగు మీంచి.

"పోయినేడు పీర్లు మిరుగంల వచ్చినయి అబ్బా. గీ ఏడు రోహిణిల వస్తున్నయి," అన్నాను. "రోహిణిల మొలిస్తే ఎండకు మాడిపోతది గద."

"అంటే పీర్ల మీద నమ్మకం లేదా నీకు?"

"లేకేం? ఫాతెహాకు మలీద ముద్దలు నేనే చేస్త, పీరుకు దట్టీ గుడ్డ నేనే కడ్త. పీర్లకు చంద్రుడు చెప్తడు, వానకు కార్తె చెప్తది. ఇద్దర్ని ఒక్క తాడుకు కట్టేస్తే ఎట్ల?"

ఈదమ్మ కిసుక్కున నవ్వింది. "సాయబన్నా, నీ ఇంట్ల కొడవలెందుకు, కోడలి నోరుండంగ!"

అబ్బా నవ్వలేదు. మా ఆయన తలెత్తలేదు. తండ్రి ముందు ఆయన నోరు మెదపడు. ఆ సాయంత్రం బావి దగ్గర, ఎద్దులకు నీళ్ళు పెడుతూ, నాతో మాత్రం అన్నాడు.

"హనీఫా, నా మాట విను. గీ పంట గిట్ల పోయిందంటే నేను షాద్‌నగర్ పోత. మెహమూద్ వాళ్ళ కంపెనీల మాట్లాడి పెట్టిండు. కిరాయికి ఒక అర్ర చూసుకుందం. చెలక ఎవరికన్న కౌలుకిద్దం."

మెహమూద్ మా ఆయన చిన్నాన్న కొడుకు. అతని ఒంటిగది అర్ర నేను బక్రీదుకు వెళ్ళినప్పుడు చూశాను. మంచి మనుషులు, కడుపునిండా పెట్టారు. కానీ గుమ్మం ముందు ఒక్క మిరప మొక్క పెట్టుకుందామంటే పిడికెడు మట్టి లేదు. మెహమూద్ భార్య డాల్డా డబ్బాలో పుదీనా పెంచుకుంటోంది. ఆ డబ్బాను చూసి నాకు ఏడుపొచ్చింది. నాకు చెలక కావాలి. ఏ మూల రాయి తేలి ఉంటుందో, ఏ మూల నీరు నిలుస్తుందో, ఎక్కడ ఏ గింజ వేస్తే పడుతుందో తెలిసిన నేల కావాలి. ఆ నేల చేజారిపోతుందేమోనన్న భయం తప్ప ఆ వేసవిలో నాకు ఇంకో భయం లేదు.

"పంట పోదు," అన్నాను.

"నువ్వెట్ల చెప్తవ్?"

"పోనియ్య కాబట్టి చెప్తున్న."

పండుగ రోజుల్లో ఊరంతా పీర్ల కొట్టం దగ్గరే. డప్పులు, ఊదు పొగ, గుండం చుట్టూ ఆటలు. ఈదమ్మ పెనిమిటి భిక్షపతి అందరికంటే ఎక్కువ ఎగిరేవాడు. చివరి రోజు పీర్లను ఎత్తుకుని వాగుకు బయలుదేరాక, పొద్దు వాలే వేళకు పడమట మబ్బు లేచింది. మేం వాగు నుంచి తిరిగొస్తుంటే పెద్ద పెద్ద చినుకులతో వాన దంచింది. ఆడా మగా అందరూ తడిసి ముద్దయ్యారు. అబ్బా రెండు చేతులూ పైకెత్తి నడి తొవ్వలో నిలబడిపోయాడు. ఆయన ముఖం మీద ఉన్నది వాన నీళ్ళేనా కన్నీళ్ళు కూడానా అన్నది నాకు తెలియలేదు. తిరిగి నా వైపు చూసి, "చూసినవా?" అన్నాడు.

తెల్లారి సూర్యుడు ఇంకా పైకి రాకముందే చెలకలో ఉన్నాం. అబ్బా నాగలి కట్టాడు. గింజల గంప నా చేతిలో పెట్టాడు, తన భార్య చేతిలో పెట్టినట్టే. నేను గంప కింద పెట్టి, కొడవలితో నేల తవ్వి చెయ్యి పెట్టాను. వేళ్ళు మునిగేదాకా చల్లగా ఉంది. ఆ కింద మట్టి పొడి పొడిగా, పొయ్యిలోంచి తీసినట్టు వెచ్చగా ఉంది. మా అమ్మ లాల్ బీ నాకు చిన్నప్పుడే చెప్పింది, మోచేతి దాకా తడి దిగనిదే గింజను నేలకు అప్పగించకని. ఆమె తన చెయ్యి పెట్టి కాదు, నా చెయ్యి పెట్టించి నేర్పింది.

"అబ్బా, ఒకసారి చెయ్యి పెట్టి చూడుండ్రి," అన్నాను.

"నేను చూడాల్సింది నిన్ననే చూసిన. గంప ఎత్తు."

ఎత్తితే మూడెకరాల గింజా మట్టిలో కలుస్తుంది. ఆ తర్వాత మా ఆయన సంచి సర్దుకుంటాడు. నాకు ఎదురుగా అంతా కనిపిస్తోంది. నేను గంప ఎత్తలేదు.

"అబ్బా, మీ ఇష్టం మీది. నా మెహర్ ఎకరం మాత్రం ఇడిచిపెట్టుండ్రి."

నిఖా రోజు పెళ్ళికొడుకు వైపు నుంచి పెళ్ళికూతురికి రాయాల్సిన మెహర్ కింద నాకు పైసలు రాయలేదు. చెలకలో ఒక ఎకరం అని పెద్దమనుషుల ముందు అబ్బానే ఒప్పుకున్నాడు. అది నోటి మాటగానే ఉండిపోయింది. కొలిచిందీ లేదు, హద్దు గెట్టు వేసిందీ లేదు. మా వాళ్ళల్లో ఆడవాళ్ళు మెహర్ అడగరు. మాఫ్ చేశానంటారు, అక్కడికి అయిపోతుంది. మా అత్తా అంతే, మా అమ్మా అంతే. బంధువులామె ఒకతె నాకూ చెప్పి చూసింది. నేను మాఫ్ చేయలేదు. అడగనూ లేదు, ఆ రోజు దాకా.

మా ఆయన నాగలి దగ్గర కొయ్యబారిపోయాడు. "హనీఫా!" అన్నాడు మెల్లగా. పక్క చెలకలోంచి ఈదమ్మ నిలబడి చూస్తోంది.

అబ్బా తిడతాడనుకున్నాను. కాడి మీంచి చెయ్యి తీసి, కండువాతో ముఖం తుడుచుకుని, "ఏ ఎకరం కావాలె?" అన్నాడు.

"పై దిక్కుది."

మా చెలక పై భాగం రాళ్ళమయం, మట్టి పలచన. కింది భాగం వాగువైపు, మంచి నేల. ఎవరైనా కిందిదే అడుగుతారు. అబ్బా నావైపు వింతగా చూశాడు. తర్వాత తాడు తెచ్చి, మా ఆయన్ని అటు కొన పట్టుకొమ్మని, తన చేతులతోనే కొలిచాడు. ఒక్క జానెడు తక్కువ రానివ్వలేదు. ఒడ్డున ఉన్న ఒక పెద్ద గుండు రాయిని ఒంటరిగా దొర్లించుకుంటూ తెచ్చాడు. మా ఆయన సాయం పట్టబోతే కసిరాడు. మూల మీద దాన్ని పాతి, దాని మీద చెయ్యి వేసి నిలబడ్డాడు.

"గీ రాయి కాడికెల్లి మీదికి నీది. నీ హక్కు నువ్వు అడిగినవ్, నేనిచ్చిన. ఇగ నా దాంట్ల గింజ ఏస్తవా ఏయవా?"

"ఏస్త అబ్బా," అన్నాను. గంప ఎత్తుకుని ఆయన నాగలి వెనక నడిచాను. ఆయన రెండెకరాల్లో ఒక్కొక్క గింజా సరైన ఎడంతో నేనే వేశాను. నా చేత్తో నేనే వాటిని చావుకు పంపుతున్నానని తెలుసు. తెలిసినా వేశాను, అది ఆయన హక్కు కాబట్టి.

మధ్యాహ్నం వేపచెట్టు కింద ఈదమ్మ నన్ను దులిపేసింది. "అడిగితే అడిగినవ్, గా రాళ్ళ జాగెందుకే అడిగినవ్? ఒడ్డుకు మంచి జాగుండంగ!"

"ఆముదానికి, కందికి గది చాలు. దాని వేరు లోతుకు పోతది, రాళ్ళ సందుల్ల తడి ఎతుక్కుంటది. మంచి జాగ గూడ గుంజుకుంటే ముసలాయన ఏం కావాలె?"

"గంత జాలి ఉన్నదానివి జర నోరు మూసుకోకపోయినవా."

"జాలి వేరు, ఇత్తనం వేరు ఈదమ్మా."

అబ్బా పల్లి చక్కగా మొలిచింది. చెలక పచ్చగా తిరిగింది. ఊళ్ళోవాళ్ళు వచ్చి చూసి, అబ్బా భుజం తట్టి వెళ్ళారు. నా ఎకరం ఎర్రగా, ఖాళీగా, గుండు కొట్టించుకున్న తలలాగా ఉంది. బావి దగ్గర ఆడవాళ్ళు "మెహర్ చెలకల ఏం పండుతాంది హనీఫా, రాళ్ళా?" అని ఎకసెక్కాలాడారు. "పండినప్పుడు గంప పట్టుకొని రాండ్రి," అన్నాను.

రోహిణి పోయింది. మిరుగం వచ్చింది, గాలి మాత్రమే తెచ్చింది. పొద్దంతా దుమ్ము లేపే గాలి, మబ్బు వచ్చినట్టే వచ్చి వాగు అవతల నుంచే పోయేది. పల్లి మొక్కలు మొదట మధ్యాహ్నం పూట తలలు వాల్చాయి, సాయంత్రానికి లేచేవి. తర్వాత లేవడం మానేశాయి. అబ్బా రోజూ వెళ్ళి గట్టు మీద కూర్చునేవాడు. ఒకరోజు నేను అంబలి తీసుకెళ్ళేసరికి కడవతో బావి నీళ్ళు మోసుకొచ్చి మొదళ్ళలో పోస్తున్నాడు. రెండెకరాల చెలకకు కడవ నీళ్ళు! ఇంకో కడవ తీసుకుని నేనూ మోశాను. ఆ వరస పూర్తి కాకముందే ఆయన కూలబడ్డాడు.

"మీ అత్త ఉంటే చెప్పేది నాకు," అన్నాడు.

"ఏం చెప్పేది అబ్బా?"

"ఏమో. నేను ఇనేటోణ్ణి గాదు గద."

ఆ మిరుగం చివర్లో ఒక జల్లు పడింది. ఊరు ఊరంతా నాగళ్ళతో బయటికి ఉరికింది. మా ఆయన కూడా ఎద్దులను తోలుకొచ్చాడు. నేను నా చెలకలో నేల తవ్వి చెయ్యి పెట్టాను. మణికట్టు దాకా వచ్చి ఆగింది తడి.

"ఇయ్యాల కాదు," అన్నాను.

మా ఆయన అంత కోపంగా మాట్లాడటం అదే మొదటిసారి. "ఆయన పంటా పాయె, నువ్వు నీదీ ఏయవైతివి! తండ్రి ఒక మొండి, పెండ్లాం ఒక మొండి, నడుమ నేను! మెహమూద్‌కు కబురు పెడ్తున్న. ఎల్లుండి పోత."

"ఆరుద్ర వస్తాంది. గంతదాంక ఆగుండ్రి."

"రాకపోతే?"

"రాకపోతే సంచి నేనే సర్దిస్త. డాల్డా డబ్బాల పుదీనా పెంచుకుంట."

ఆయన కబురు పెట్టలేదు. సంచి మాత్రం దండెం మీంచి తీసి గడప పక్కన పెట్టాడు. వస్తూ పోతూ దాన్ని దాటాల్సి వచ్చేది నాకు.

ఆరుద్రలో మూడో నాడో నాలుగో నాడో, చప్పుడు లేని వాన మొదలైంది. ఉరుముల్లేవు, గాలి లేదు. ముసురు పట్టి, ఆగుతూ కురుస్తూ ఉంది. అది వెలిసిన పొద్దున చెలకకు వెళ్తే, నేల మీద ఎర్రటి మఖమల్ ముక్కలు చల్లినట్టు ఆరుద్ర పురుగులు. మేం బీర్ బహూటీ అంటాం. నేల లోపల దాకా చల్లబడితేనే అవి పైకొస్తాయి. అయినా నేను చెయ్యి పెట్టే చూశాను. మోచెయ్యి దాటింది.

"ఈదమ్మా!" అని ఎంత గట్టిగా అరిచానంటే వాగు అవతల మేకలు బెదిరాయి.

ఇంటికి పరుగెత్తి కుండలు దించాను. ముందటేడు గెట్ల మీద కాసిన ఆముదాలు, కందులు బూడిదలో కలిపి అటక మీద దాచాను. గెట్ల మీది పంట మా దగ్గర ఆడవాళ్ళదే, మగవాళ్ళు అడగరు. మా ఆయన నాగలి కట్టాడు. అబ్బా మాత్రం అరుగు మీద గోడ వైపు తిరిగి పడుకున్నాడు. వాన వెలిసినా బయటికి రాలేదు. నేను వెళ్ళి ఆయన కాళ్ళ దగ్గర కూర్చున్నాను.

"అబ్బా, మీ రెండెకరాలల్ల ఏం పెట్టమంటరు?"

"నన్నెందుకు అడుగుతవ్?"

"మీది కాబట్టి. రాయి పెట్టింది మీరే గద."

గోడ వైపునుంచే గొంతు వచ్చింది. "నీ కుండల ఏమున్నయి?"

"ఆముదాలు, కందులు. మూడెకరాలకు వస్తయి."

"నీది ఎకరమే గద. మూడెకరాలకెందుకు దాచినవ్?"

"దాచేనాడు మెహర్ అడుగుతనని నాకేమెరుక?"

ఆయన లేచి కూర్చున్నాడు. గడ్డం నిమురుకున్నాడు. చెప్పులేసుకుంటూ అడిగాడు, "సాలుకు సాలుకు ఎడమెంత?"

చెప్పాను. ఆముదం సాళ్ళ నడుమ కంది సాలు ఎక్కడ రావాలో కూడా చెప్పాను. ఆయన నాగలి పట్టాడు, నేను చెప్పిన ఎడంతో తోలాడు. ఎండిపోయిన పల్లి మొక్కలు నాగలి కింద నలుగుతుంటే ఒక్కసారి కూడా ఆగలేదు. వెనకాల నేనూ ఈదమ్మా గింజలు వేసుకుంటూ వెళ్ళాం. సాలు మలుపుకొచ్చినప్పుడల్లా వెనక్కి తిరిగి, "ఇట్లనేనా?" అని అడిగేవాడు. "ఇట్లనే అబ్బా," అనేదాన్ని. ఆ రోజంతా నాకు ఎంత సంతోషంగా ఉందో చెప్పలేను. నెగ్గినందుకు కాదు. ఆయన అడిగినందుకు.

ఆముదాలు నడుమెత్తు లేచాయి, ఆ తర్వాత తలలు దాటాయి. నడుమ వాన కొన్నాళ్ళు మొహం చాటేసినా చెట్లు ఖాతరు చేయలేదు. పురుగు పడితే నేనూ ఈదమ్మా చేత్తో ఏరి పారేశాం. చలి మొదలయ్యే నాటికి గెలలు ఎర్రబారి, ముదిరి, కోతకు వచ్చాయి. రాళ్ళ ఎకరం కింది రెండెకరాలతో పోటీపడి కాసింది. బావి దగ్గరి ఆడవాళ్ళకు తలా ఒక గెల పంచాను, గంపలు తెచ్చుకోకపోయినా.

మా ఆయన గడప పక్క సంచిలో ఆముదాలు నింపి అమ్మడానికి కోస్గి సంతకు తీసుకెళ్ళాడు. అది మళ్ళీ దండెం మీదికి ఎప్పుడెక్కిందో నేను చూడలేదు.

రెండో విడత గెలలు కోయడానికి వెళ్ళిన పొద్దున, నా ఎకరం మూల మీద రాయి లేదు. అది పాతిన చోట గుంట మాత్రం ఉంది. వెతుక్కుంటూ వెతుక్కుంటూ కిందికి దిగితే, చెలక చిట్టచివర, వాగు ఒడ్డున కనిపించింది. కొత్తగా పాతిన మన్ను ఇంకా తడిగా ఉంది. ఆ రాయికి పైన ఉన్నది మూడెకరాలూ.

అబ్బా గట్టు మీద కూర్చుని బీడీ కాలుస్తున్నాడు. చేతులకు ఎర్రమట్టి.

"రాయి జరిగింది అబ్బా," అన్నాను.

"ఎడ్లు తన్నుంటయి," అన్నాడు, నా వైపు చూడకుండా.

మళ్ళీ వచ్చిన పీర్ల పండుగకు, వాగు నుంచి తిరిగొస్తూ ఆయనే ఎత్తాడు మాట. అప్పటికే పండుగ రోహిణి కంటే కూడా ముందుకు జరిగి నడి ఎండల్లోకి వెళ్ళిపోయింది. "ఇగ పీర్లు మిరుగంలకు మళ్ళ వచ్చేసరికి నేనుండ బిడ్డా. నువ్వుంటవ్. అప్పుడు ఒక్క సాలు పల్లి ఏయి, మీ అత్త పేరు మీద."

"తడి చూసే ఏస్త అబ్బా."

"చూసే ఏయి," అని నవ్వాడు. ఆయన నవ్వితే ఎలా ఉంటుందో ఆ రోజే సరిగ్గా చూశాను.

ఆ మాటకు ముప్పై ఏళ్ళయింది. వచ్చే ఏడు పీర్లు మళ్ళీ మిరుగంలోకి వస్తున్నాయి. అబ్బా లేడు. రాయి ఆయన పెట్టినచోటే ఉంది. దాని పక్కన ఒక్క సాలు ఖాళీగా వదిలిపెట్టమని మా ఆయనకు ఇప్పుడే చెప్పి ఉంచాను. పల్లికాయ కూడా మంచిది చూసి తీసిపెట్టాను. మోచేతి దాకా తడి దిగితే పండుగ తెల్లారే గింజ వేస్తాను. దిగకపోతే ఆగుతాను. అబ్బా ఏమీ అనుకోడు, ఇద్దరం ఒప్పుకున్న మాటే అది.